గీతల లోకం: అతి పాతవి, అతి పెద్దవి, అతి వింతవి

బొమ్మ గీయడానికి కావలసినవి రెండే. ఒక చేయి, దాని కదలికను పట్టి ఉంచే చోటు. గుహ గోడ, ఎడారి నేల, ఇసుక, చెట్టు బెరడు, వాకిలి, కాగితం, గాజు తెర, ఏదైనా సరే. ఇంత తక్కువ సరంజామాతో మనిషి వేల ఏళ్లుగా చేసిన పనులు మాత్రం అబ్బురపరుస్తాయి. రికార్డుల కోసం వెతికితే దొరికే విశేషాలన్నీ చివరికి ఒక్క సంగతే చెబుతాయి. గీయడమంటే అలంకారం కన్నా ముందు, చూడటం.

"డ్రా" అంటే మొదట లాగడమే

ఇంగ్లిషులో బావిలోంచి నీళ్లు తోడినా, ఒరలోంచి కత్తి దూసినా, కిటికీ తెర జరిపినా, కాగితం మీద ఏనుగు బొమ్మ వేసినా మాట ఒక్కటే, "డ్రా". దాని తొలి అర్థం లాగడం. ఈడ్చడానికి వాడే "డ్రాగ్" దానికి దగ్గరి చుట్టం. బల్లకుండే సొరుగుకు "డ్రాయర్" అని పేరు వచ్చింది లాగితే తెరుచుకుంటుంది కాబట్టే. కలాన్ని లాగుతూ పోతే వెనక మిగిలేది గీత కనుక, సుమారు 1200 నాటికి ఆ మాట బొమ్మ గీయడానికి కూడా స్థిరపడింది.

"స్కెచ్" వచ్చిన దారి వేరు. డచ్చి, ఇటాలియన్ భాషల మీదుగా 17వ శతాబ్దంలో ఇంగ్లిషుకు చేరింది. దానికి మూలమైన గ్రీకు మాటకు అప్పటికప్పుడు చేసినది అని అర్థం. ఇక "పెన్సిల్" లాటిన్‌లో చిన్న తోక అనే మాట నుంచి పుట్టింది. మొదట్లో అది సన్నని కుంచె పేరు. పెన్సిలిన్‌కు ఆ పేరు రావడానికీ ఇదే మూలం. ఆ మందునిచ్చే బూజును సూక్ష్మదర్శినిలో చూస్తే కొసలు కుంచెల్లా కనిపిస్తాయి.

అతి పాత గీత: 73,000 ఏళ్లు

కేప్‌టౌన్‌కు తూర్పున సుమారు 300 కిలోమీటర్ల దూరంలో, దక్షిణాఫ్రికా సముద్రతీరంలో బ్లోంబోస్ గుహ ఉంది. అక్కడి తవ్వకాల్లో నాలుగు సెంటీమీటర్లు కూడా లేని ఒక రాతి పెచ్చు దొరికింది. దాని మీద ఎర్రని గీతలు తొమ్మిది. ఆరు దాదాపు సమాంతరంగా ఉంటే, మూడు వాటిని అడ్డంగా కోస్తూ పోతాయి. వయసు సుమారు 73,000 ఏళ్లని క్రిస్టఫర్ హెన్షిల్‌వుడ్ బృందం 2018లో "నేచర్" పత్రికలో ప్రకటించింది.

ఇవి మనిషి గీసినవేనా అన్న అనుమానం తీర్చుకోవడానికి శాస్త్రవేత్తలు తామే గీసి చూశారు. అలాంటి రాళ్ల మీదే ఎర్రమట్టిని నీళ్లలో కలిపి పూశారు, ఎర్రమట్టి ముక్కకు మొన చేసి గీశారు. గుహలో దొరికిన వాటితో సరిపోలినవి ముక్కతో గీసిన గీతలే. అవి రాయి అంచు దగ్గర ఠక్కున ఆగిపోతాయి. అంటే అసలు చిత్రం ఇంకా పెద్దదన్నమాట. మనకు దక్కింది ఒక పెచ్చు మాత్రమే.

పోల్చుకోగల తొలి బొమ్మ: ఒక అడవి పంది

ఇండోనేషియాలోని సులవేసి దీవి గుహలో ఒక అడవి పంది, దాని చుట్టూ మనుషుల్లాంటి మూడు ఆకారాలు ఉన్నాయి. బొమ్మ మీద పేరుకున్న సున్నపు పొరను లేజరుతో పరీక్షించి, అది కనీసం 51,200 ఏళ్ల నాటిదని 2024లో తేల్చారు. అప్పటికి తెలిసిన జంతు చిత్రాల్లో అదే అతి పాతది. అంతకుముందు ఆ ఘనత అదే దీవిలోని మరో పందిది, దాని వయసు 45,500 ఏళ్లు.

మన దేశంలో ఈ విషయానికి పెద్ద చిరునామా మధ్యప్రదేశ్‌లోని భీంబేట్కా. 1957లో వి.ఎస్. వాకణ్కర్ వెలుగులోకి తెచ్చిన ఆ రాతి ఆవాసాలను యునెస్కో 2003లో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. తెలంగాణలో భూపాలపల్లి దగ్గరి పాండవుల గుట్ట, ఆంధ్రప్రదేశ్‌లో కర్నూలు ప్రాంతపు కేతవరం కూడా ఆదిమానవుల బొమ్మలున్న చోట్లే. అంత దగ్గరలో ఉండి కూడా మనలో ఎక్కువమంది చూడని చిత్రశాలలు అవి.

అతి పాత ప్లాను: ఆకాశం నుంచి చూసినట్టు

జోర్డాన్, సౌదీ అరేబియా ఎడారుల్లో రాళ్లు పేర్చి కట్టిన పొడవాటి గోడలున్నాయి. జింకల మందలను ఆ గోడల వెంట తరిమి, చివరనున్న గోతుల్లో పడేసే వేట ఉచ్చులు అవి. నేల మీద నిలబడితే వాటి ఆకారం అంతుపట్టదు. విమానాలు వచ్చాకే, పైనుంచి చూసిన పైలట్లు వాటికి "గాలిపటాలు" అని పేరు పెట్టారు.

అయితే ఆ ఉచ్చులు వాడిన మనుషులే వాటి ప్లాన్లను రాళ్ల మీద చెక్కి పెట్టారని 2023లో ఒక పరిశోధన బయటపెట్టింది. జోర్డాన్‌లోని రాయి వయసు సుమారు 9,000 ఏళ్లు, సౌదీలోనిది సుమారు 8,000 ఏళ్లు. జోర్డాన్ బొమ్మ సుమారు 1:425 నిష్పత్తిలో, సౌదీ బొమ్మ 1:175 నిష్పత్తిలో అసలు కట్టడానికి సరిపోతున్నాయి. కొలత ప్రకారం గీసిన ప్లాన్లలో ఇప్పటివరకు తెలిసిన అతి పాతవి ఇవే. ఎగరడం తెలియని మనిషి తన చేతి పనిని ఆకాశం నుంచి చూసినట్టు ఊహించగలిగాడు.

కట్టడానికి ముందే గీసుకున్న బొమ్మలు మన దగ్గరా ఉన్నాయి. భోపాల్ సమీపంలోని భోజ్‌పూర్‌లో 11వ శతాబ్దపు శివాలయం అసంపూర్ణంగా ఆగిపోయింది. చుట్టూ ఉన్న బండల మీద స్తంభాలు, శిఖరం, గోడల అలంకారాల నమూనా గీతలు చెక్కి ఉన్నాయి. పని పూర్తయిన గుళ్ల దగ్గర ఇలాంటివి దొరకడం చాలా అరుదు. పని ఆగిపోవడం వల్లే స్థపతుల ఆలోచన మన కంటికి దక్కింది.

బొమ్మ ఎలా పుట్టింది? రెండు దేశాల కథలు

రోమన్ రచయిత ప్లినీ చెప్పిన కథలో, ఒక కుమ్మరి కూతురు దూరదేశం వెళ్లబోతున్న ప్రియుడి నీడను దీపం వెలుగులో గోడ మీద చూసి, ఆ నీడ అంచు వెంట గీత గీసుకుంటుంది. తొలి చిత్తరువు అదేనట.

మన విష్ణుధర్మోత్తర పురాణంలో నారాయణ ముని మామిడి రసంతో తన తొడ మీద ఒక స్త్రీ రూపం గీస్తాడు. ఆ గీతలోంచి ఊర్వశి పుడుతుంది. ఇక ఉషా పరిణయం తెలిసిన తెలుగువారికి చిత్రరేఖ పేరు చెప్పనక్కరలేదు. చెలి ఉష కలలో చూసినవాడు ఎవరో పోల్చడానికి ఒక్కొక్కరి రూపమే గీస్తూ పోయి, చివరికి అనిరుద్ధుణ్ణి పట్టుకున్న నేర్పరి ఆమె. పోలీసులు సాక్షులు చెప్పిన ఆనవాళ్లతో గీయించే ఊహాచిత్రానికి కథల్లో ఇంతకన్నా పాత ముత్తవ్వ దొరకడం కష్టం.

అతి పెద్ద గీతలు

పెరూలోని నాస్కా ఎడారిలో పైనున్న నల్లని రాళ్లను పక్కకు తీసి, కింద లేత రంగు నేల కనిపించేలా చేసి కోతి, సాలీడు, తేనెపిట్ట లాంటి బొమ్మలు గీశారు. కొన్ని తిన్నని గీతలు కిలోమీటర్ల దూరం పోతాయి. వాన దాదాపు పడని చోటు కాబట్టి దాదాపు రెండు వేల ఏళ్లుగా చెరిగిపోలేదు. జర్మనీలో పుట్టిన గణితవేత్త మరియా రైషే 1940ల నుంచి 1998లో చనిపోయేదాకా ఆ గీతల కోసమే బతికింది. చీపురు పట్టి వాటిని శుభ్రం చేసింది, కొలిచింది, కాపాడింది. 2024లో జపాన్‌లోని యమగాటా విశ్వవిద్యాలయం, ఐబీఎం కలిసి కృత్రిమ మేధతో వెతికితే మరో 303 ఆకారాలు బయటపడ్డాయి. అప్పటికి తెలిసిన బొమ్మల సంఖ్య దీంతో ఇంచుమించు రెట్టింపైంది.

ఇంగ్లండులోని అఫింగ్టన్ తెల్ల గుర్రం పొడవు సుమారు 110 మీటర్లు, వయసు సుమారు 3,000 ఏళ్లు. కొండవాలు మీద కందకం తీసి సుద్ద నింపి చేసిన ఈ బొమ్మను కొన్నేళ్లు వదిలేస్తే గడ్డి మింగేస్తుంది. తరతరాలుగా జనం గడ్డి పీకి, కొత్త సుద్ద కొడుతూ వచ్చారు కాబట్టే నిలిచింది.

జపాన్ చిత్రకారుడు హొకుసాయి 1817లో నగోయా నగరంలో జనం చూస్తుండగా బోధిధర్ముడి బొమ్మ వేశాడు. ఎత్తు సుమారు 18 మీటర్లు. అదే మనిషి పుస్తకాల్లో అంగుళం జాగాలో మనుషుల్నీ పురుగుల్నీ ప్రాణంతో నిలబెట్టాడు.

చేయి ఎత్తకుండా

నెల పట్టిన రోజు నుంచి సంక్రాంతి దాకా తెల్లవారుజామున వాకిళ్లలో జరిగే పనిలో లోతైన గణితం ఉంది. చుక్కలు పెట్టి, వాటిని తాకకుండా చుట్టూ తిరుగుతూ, బయలుదేరిన చోటికే వచ్చి కలిసే మెలికల ముగ్గు దానికి నిదర్శనం. ఈ విద్య మనది ఒక్కరిదే కాదు. ఆఫ్రికాలో అంగోలా ప్రాంతపు చోక్వే ప్రజలు వేలి కొసలతో ఇసుకలో చుక్కలు పెట్టి, చుట్టూ గీత తిప్పుతూ కథ చెబుతారు. ఆ బొమ్మల్ని సోనా అంటారు. యునెస్కో 2023లో వాటిని మానవాళి వారసత్వ జాబితాలో చేర్చింది. పసిఫిక్ మహాసముద్రంలోని వనువాటు దీవుల్లో సుమారు 80 భాషా సమూహాల మధ్య ఇసుక గీతలు ఒక ఉమ్మడి మాధ్యమం. అక్కడా వేలు ఎత్తకుండా గీయడమే నేర్పు. అంత దూరంలో ఉన్న మూడు సమాజాలు ఒకే రకం ఆటను కనుక్కున్నాయి.

ఏ బొమ్మను చేయి ఎత్తకుండా, గీసిన గీత మీదే మళ్లీ పోకుండా పూర్తి చేయగలం? దీనికి స్విట్జర్లాండులో పుట్టిన గణితవేత్త ఆయిలర్ 1736లో దారి చూపాడు. గీతలు కలిసే ప్రతి చోటా ఎన్ని గీతలు కలుస్తున్నాయో లెక్కపెట్టాలి. అన్ని చోట్లా సరిసంఖ్యే వస్తే, బయలుదేరిన చోటికే తిరిగి రావచ్చు. సరిగ్గా రెండు చోట్ల బేసిసంఖ్య వస్తే, ఒక చోట మొదలుపెట్టి రెండో చోట ముగించాలి. బేసి చోట్లు రెండుకు మించితే ఎంత ప్రయత్నించినా కుదరదు.

సోనాల మీద జీవితమంతా పనిచేసిన మొజాంబిక్ గణితవేత్త పౌలుస్ గెర్డెస్ మరో చక్కని సూత్రాన్ని వివరించాడు. చాప అల్లికలా ఏటవాలుగా సాగే సోనాకు ఎన్ని విడి గీతలు కావాలో వరుసల సంఖ్య, ఒక్కో వరుసలోని చుక్కల సంఖ్య చెబుతాయి. ఆ రెంటి గ.సా.భా. ఎంతో గీతలు అన్ని. 5 వరుసలు, వరుసకు 6 చుక్కలు అయితే గ.సా.భా. 1, ఒక్క గీతతో బొమ్మ పూర్తి. 4 వరుసలు, 6 చుక్కలు అయితే గ.సా.భా. 2, రెండు గీతలు కావాలి. ఆరో తరగతి లెక్క ఇసుకలో కంటికి కనిపిస్తుంది. బడిలో గ.సా.భా. చెప్పేటప్పుడు ఒక్కసారి చుక్కలు పెట్టించి గీయిస్తే పిల్లలకు జీవితాంతం గుర్తుంటుంది.

చేయి ఎత్తడానికి వీలే లేకుండా బొమ్మలు గీసే ఆటవస్తువు "ఎచ్ ఎ స్కెచ్". ఫ్రెంచి ఎలక్ట్రీషియన్ ఆంద్రే కసాన్య్ కనిపెట్టాడు. 1960లో అమెరికాలో అమ్మకానికి వచ్చింది. గాజు వెనక అంటుకున్న అల్యూమినియం పొడిని ఒక మొన గీకుతుంది. ఒక మీట అడ్డానికి, ఒక మీట నిలువుకు. ఆడించి కుదిపితే పలక మళ్లీ ఖాళీ.

చూడకుండా గీసిన ఖడ్గమృగం

గుజరాత్ సుల్తాను రెండో ముజఫర్ షా పోర్చుగీసు గవర్నరు అల్బుకెర్క్‌కు ఒక ఖడ్గమృగాన్ని కానుకగా ఇచ్చాడు. గోవా నుంచి ఓడలో బయలుదేరి అది 1515 మే 20న లిస్బన్ చేరింది. రోమన్ల కాలం తర్వాత ఐరోపా గడ్డ మీద ప్రాణంతో కనిపించిన తొలి ఖడ్గమృగం అదే. పోర్చుగల్ రాజు దాన్ని ఏనుగుతో పోటీకి నిలబెడితే ఏనుగు పారిపోయింది. తర్వాత పోపుకు కానుకగా పంపుతుండగా 1516 తొలినాళ్లలో ఇటలీ తీరం దగ్గర ఓడ మునిగి, గొలుసులతో కట్టి ఉన్న ఆ జంతువు చనిపోయింది.

జర్మనీలోని న్యూరెంబర్గ్‌లో ఉన్న ఆల్‌బ్రెక్ట్ డ్యూరర్ దాన్ని ఎన్నడూ చూడలేదు. ఎవరో పంపిన వర్ణన, ఒక చిత్తుబొమ్మ ఆధారంగా 1515లోనే గీశాడు, చెక్క అచ్చు వేయించాడు. ఒంటి మీద ఇనుప కవచంలాంటి పలకలు, భుజాల దగ్గర లేని రెండో కొమ్ము! అయినా ఆ గీతల్లోని నమ్మకం ఎంత బలమైనదంటే, రెండు శతాబ్దాలకు పైగా ఐరోపా పుస్తకాల్లో ఖడ్గమృగం అంటే అదే రూపం. మంచి గీత తప్పును కూడా నమ్మిస్తుంది. గీసేవాడి బాధ్యత ఎంతటిదో ఈ బొమ్మ చెబుతుంది.

ఒకే చందమామ, రెండు చూపులు

దూరదర్శినిలో చూసి చంద్రుణ్ణి గీసినట్టు తేదీతో సహా ఆధారం ఉన్న తొలి వ్యక్తి గెలీలియో కాదు. ఇంగ్లండుకు చెందిన థామస్ హ్యారియట్ 1609 జులై 26న గీశాడు. గెలీలియో బొమ్మలు ఆ ఏడాది చివరివి. కానీ హ్యారియట్ తొలి బొమ్మలో వెలుగు చీకట్ల మధ్య వంకర గీత తప్ప పెద్దగా ఏమీ లేదు. గెలీలియో మాత్రం ఆ వంకరల్లో కొండల్నీ, వాటి నీడల్నీ చూశాడు. ఫ్లోరెన్సు చిత్రకళా వాతావరణంలో పెరిగి, గుండ్రని వస్తువు మీద వెలుగునీడలు ఎలా పడతాయో గీసి నేర్చుకున్నవాడు కావడం అందుకు కారణమని కళా చరిత్రకారులు చెబుతారు. 1613లో ఫ్లోరెన్సు చిత్రకళా అకాడమీ అతణ్ణి సభ్యుడిగా ఎన్నుకుంది.

మెదడు విషయంలోనూ ఇలాగే జరిగింది. స్పెయిన్ శాస్త్రవేత్త రమోన్ ఇ కహాల్ చిన్నప్పుడు చిత్రకారుడు కావాలనుకున్నాడు, తండ్రి వైద్యంలోకి మళ్లించాడు. ఇటలీకి చెందిన గోల్జి కనిపెట్టిన రంగు పద్ధతినే వాడి నాడీకణాలను చూసి గీశాడు. అవన్నీ కలిసిపోయిన వల అని గోల్జి అంటే, ఒక్కో కణం విడిగా ఉందని కహాల్ గీసి చూపించాడు. 1906లో ఇద్దరికీ కలిపి నోబెల్ ఇచ్చారు. కాలం కహాల్ గీతలనే నిజమని తేల్చింది.

గీసే పనిముట్లు

16వ శతాబ్దంలో ఇంగ్లండులోని బారోడేల్ లోయలో స్వచ్ఛమైన గ్రాఫైట్ దొరికింది. దాన్ని సీసం అనుకున్నారు, అందుకే ఇంగ్లిషులో నేటికీ "లెడ్ పెన్సిల్" అంటారు. దాంట్లో సీసం లేదు. ఇంగ్లండుతో యుద్ధం వల్ల ఫ్రాన్సుకు ఆ గ్రాఫైట్ అందకపోతే, నికొలా జాక్ కోంటే 1795లో గ్రాఫైట్ పొడిని బంకమట్టితో కలిపి కాల్చే పద్ధతికి పేటెంటు పొందాడు. మట్టి పాలు పెరిగితే గీత గట్టిగా లేతగా, తగ్గితే మెత్తగా నల్లగా వస్తుంది. ఇప్పటి హెచ్‌బీ, 2బీలన్నీ ఆ లెక్కే. రబ్బరు రాకముందు గీతలు చెరపడానికి రొట్టె ముక్క వాడేవారు. రబ్బరు చెరుపుతుందని 1770లో రాసిపెట్టింది జోసెఫ్ ప్రీస్ట్లీ. మన దేశంలో పెన్సిళ్లకు కావలసిన చెక్క పలకలు చాలావరకు కాశ్మీరులోని పుల్వామా నుంచి వస్తాయి. 2017లో ఫ్రాన్సులో బిక్ సంస్థ చేసిన పెన్సిలు పొడవు కిలోమీటరు దాటి గిన్నిస్ రికార్డయింది.

చెరపడానికి వీల్లేని గీత మాత్రం శ్రీకాళహస్తి కలంకారీది. కరక్కాయ రసం, గేదె పాలు కలిపి గుడ్డను నానబెట్టి ఆరబెడతారు. పాలలోని వెన్న రంగును పాకనివ్వదు. చింతపుల్లలు కాల్చిన బొగ్గుతో చిత్తుబొమ్మ వేసుకుని, కొసన గుడ్డ చుట్టిన వెదురు కలంతో నల్లగీత దిద్దుతారు. ఆ నలుపు బెల్లం, తుప్పు పట్టిన ఇనుము నీళ్లలో పులియబెట్టగా వచ్చినది. ఒకసారి పడ్డ గీత ఇక పోదు. అందుకే కలంకారీ కళాకారుడి చేతికి ఉన్న ధైర్యం పెన్సిలు పట్టిన చేతికి రావాలంటే ఏళ్లు పడుతుంది.

అతి ఖరీదైనవి

రఫేల్ కాగితం మీద గీసిన యువ అపోస్తలుడి తల 2012 డిసెంబరులో లండన్ వేలంలో 2.97 కోట్ల పౌండ్లు పలికింది. అదే ఏడాది మే 2న న్యూయార్క్‌లో మంక్ గీసిన "ది స్క్రీమ్" పాస్టెల్ ప్రతి దాదాపు 12 కోట్ల డాలర్లకు పోయింది.

బడి పిల్లవాడి బొమ్మలు

అన్నిటికన్నా ఆత్మీయమైనవి రష్యాలోని నోవ్‌గొరోద్‌లో 1956లో దొరికాయి. 13వ శతాబ్దంలో ఆన్ఫిమ్ అనే ఆరేడేళ్ల పిల్లవాడు బర్చ్ చెట్టు బెరడు మీద అక్షరాలు దిద్దుతూ, మధ్యలో విసుగొచ్చి బొమ్మలు వేసుకున్నాడు. గుర్రమెక్కి శత్రువును బల్లెంతో పొడుస్తున్న వీరుడి పక్కన తన పేరే రాసుకున్నాడు. ఆ కాలపు రాజుల బొమ్మల కన్నా ఈ వేళ్ల లెక్క తప్పిన బొమ్మలే మనకు ఆ ఊరిని దగ్గర చేస్తాయి.

వెలుగు కలం, సున్నా చుట్టే దిశ

1963లో అమెరికాలోని ఎంఐటీలో ఇవాన్ సదర్లాండ్ తన పరిశోధనలో భాగంగా "స్కెచ్‌ప్యాడ్" తయారుచేశాడు. వెలుగు కలంతో కంప్యూటరు తెర మీద గీస్తే, వంకర గీతను యంత్రం తిన్నగా దిద్దేది. నేటి ఇంజనీర్ల డ్రాయింగు సాఫ్ట్‌వేర్లకు అది ఆద్యం. 1988లో అతనికి ట్యూరింగ్ పురస్కారం వచ్చింది.

2016లో గూగుల్ పెట్టిన "క్విక్, డ్రా!" ఆట నుంచి 5 కోట్ల బొమ్మలు పోగయ్యాయి. వాటిలోని సున్నాలను విశ్లేషిస్తే అమెరికన్లలో 86 శాతం మంది గడియారం ముల్లుకు ఎదురు దిశలో, జపనీయుల్లో 80 శాతం మంది గడియారం దిశలో చుట్టారని తేలింది. చిన్నప్పుడు అక్షరాలు దిద్దిన తీరు పెద్దయ్యాకా చేతిని వదలదు.

ఎవరికి వస్తుంది బొమ్మ?

కెనడాలోని వాటర్లూ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2016లో ఒక ఫలితం ప్రకటించారు. కొన్ని మాటలు ఇచ్చి, కొన్నిటిని పదేపదే రాయమన్నారు, కొన్నిటికి బొమ్మ గీయమన్నారు. గీసిన మాటలే చాలా ఎక్కువగా గుర్తున్నాయి. అంతకన్నా ముఖ్యమైన సంగతి, బొమ్మ బాగా వచ్చిందా లేదా అన్నదానితో పని లేకపోయింది. అష్టవంకర యాపిల్ గీసినవారికీ అంతే మేలు జరిగింది.

"నాకు బొమ్మలు రావు" అన్న మాటకు అందుకే విలువ ఇవ్వకూడదు. గెలీలియోకూ కహాల్‌కూ గీత చూడటం నేర్పింది. మన పిల్లలకు కూడా నేర్పుతుంది, బొమ్మ పోటీలో బహుమతి రాకపోయినా సరే. సైన్సు పుస్తకంలోని పటాన్ని మార్కుల కోసం ఎక్కించే పని కాస్త తగ్గించి, నిజమైన ఆకునో చీమనో ముందు పెట్టి కనిపించింది కనిపించినట్టు గీయమనాలి. పెద్దలు కూడా పక్కన కూర్చుని గీయాలి.